మూడు రంగుల చిట్టి గబ్బిలం

ఈసారి నేను ఒక చాలా చిన్న జంతువు గురించి రాస్తున్నాను. అది మన దేశంలో లేదు, ఉత్తర అమెరికాలో ఉంటాది. ఇంగ్లీషులో దాన్ని ట్రైకలర్డ్ బ్యాట్ అంటారు. అంటే మూడు రంగుల గబ్బిలం అన్నమాట.

దీని గురించి ఎందుకు రాస్తున్నానో చెప్తాను. వానాకాలంలో మా హాస్టలు గదిలోకి గబ్బిలం దూరింది. అందరం కేకలేసుకుంటూ చీపుర్లతో కొట్టాం. నేనూ కొట్టాను. కింద పడ్డాక టార్చిలైటు వేసి చూస్తే నా బొటనవేలంత ఉంది, వణికిపోతోంది. మా సైన్సు టీచరుగారు దాన్ని మందపాటి గుడ్డతో పట్టి వేపచెట్టు కొమ్మకి తగిలించారు. (ఒట్టి చేత్తో పట్టకూడదు, కరిస్తే రేబిస్ వచ్చే ప్రమాదం ఉంది.) తర్వాత ఒక పుస్తకం తెచ్చి ఈ అమెరికా గబ్బిలం బొమ్మ చూపించారు.

మా అమ్మమ్మ గబ్బిలాన్ని పిట్టే అంటుంది. కానీ అది పిట్ట కాదు. గుడ్లు పెట్టదు, పిల్లల్ని కని పాలిస్తుంది. ఈ మూడు రంగులది 4 నుండి 8 గ్రాముల బరువు ఉంటుంది. అంటే ఒకటి రెండు రూపాయి బిళ్ళలంతే. రెక్కలు రెండూ చాపితే 21 నుండి 26 సెంటీమీటర్లు. మన 30 సెంటీమీటర్ల స్కేలుకి కూడా సరిపోదు.

దూరం నుండి చూస్తే ఒళ్ళంతా పసుపు కలిసిన గోధుమ రంగే. మరి మూడు రంగులు ఎక్కడ అంటే, ఒక్కొక్క వెంట్రుకలోనే ఉన్నాయి! ఏదుపంది ముల్లు చూసే ఉంటారు కదా, దానిమీద నలుపు తెలుపు పట్టీలు ఉంటాయి. అలాగే దీని వీపు వెంట్రుక మొదట్లో నల్లగా, నడుమ పసుపుగా, కొసకి మళ్ళీ ముదురుగా ఉంటాది. రెక్క తోలు నలుపు. కానీ ఆ తోలుని పట్టుకొనే ముంజేయి మాత్రం ఎర్రగా కనిపిస్తుంది. చలికాలం గుహలో నిద్రపోయేటప్పుడు దాని బొచ్చు మీద మంచుబొట్లు చేరతాయి. ఫోటోలో వెండి పూసలు కుట్టినట్టు ఉంది. నాకు అదే చాలా నచ్చింది.

1832లో క్యూవియే అనే ఫ్రెంచి శాస్త్రవేత్త దీనికి శాస్త్రీయ నామం పెట్టారు. చాలాకాలం దీన్ని పిపిస్ట్రెల్లస్ జాతిలో కలిపారు. మన ఇళ్ళ చూరుల్లో ఉండే చిట్టి గబ్బిలం కూడా ఆ జాతిదే. దాని పేరులో మన కోరమాండల్ తీరం పేరు ఉంది. తర్వాత ఎముకలు, పళ్ళు పరిశీలించి అమెరికాదాన్ని వేరే జాతి చేశారు. అంటే ఒకప్పుడు చుట్టాలనుకొని తర్వాత కాదన్నారన్నమాట.

ఇక ఎక్కడ ఉంటాదో అట్లాసు తీసి చూడండి. కెనడాలో నోవాస్కోషియా, క్యూబెక్, అంటారియో నుండి మొదలుపెట్టి అమెరికా తూర్పు భాగమంతా, కింద ఫ్లోరిడా దాకా. పడమటికి టెక్సాస్ వరకు. అక్కడి నుండి మెక్సికో తూర్పు వైపు దిగి హోండురాస్ దాకా వెళ్తుంది. అమెరికాలో 39 రాష్ట్రాల్లో ఉంది. పసిఫిక్ ఒడ్డు వైపు లేదు.

ఎండాకాలం చెట్ల మీద ఎండుటాకుల గుత్తిలో దూరి పడుకుంటాది. చలికాలం గుహల్లో, పాత గనుల్లో. దక్షిణాన గుహలు తక్కువ కాబట్టి రోడ్ల కింద తూముల్లో కూడా నిద్రపోతుంది. ఆడది ఎక్కువగా కవలల్ని కంటుంది. ఆ రెండు పిల్లల బరువు తల్లి బరువులో దాదాపు సగం ఉంటుందంట! అంత బరువు మోసుకుంటూ అది పురుగుల కోసం ఎగరాలి.

2006లో న్యూయార్కు రాష్ట్రంలో ఒక గుహలో గబ్బిలాల ముక్కు మీద తెల్లటి బూజు కనిపించింది. దాన్ని తెల్లముక్కు వ్యాధి అన్నారు. ఆ బూజు చల్లని చోటే పెరుగుతాది. మనుషులకి అంటదు. గబ్బిలానికి పడితే నిద్ర చెడి మాటిమాటికి లేస్తుంది. లేచినప్పుడల్లా ఒంట్లో దాచుకున్న కొవ్వు కరుగుతుంది. బయట చలికి పురుగులు ఉండవు. అలా ఆకలితో చచ్చిపోతుంది. వ్యాధి వచ్చిన చోట్ల ఈ మూడు రంగుల గబ్బిలాలు నూటికి 90కి పైగా తగ్గిపోయాయి. 2014లో కెనడా దీన్ని అంతరించే ప్రమాదమున్న జంతువుల పట్టీలో చేర్చింది. 2022లో అమెరికా ప్రభుత్వం కూడా చేర్చాలని ప్రతిపాదించింది. గుహల్లోకి వెళ్ళేవాళ్ళ బూట్లకీ బట్టలకీ అంటుకొని బూజు ఇంకో గుహకి పోతుంది కాబట్టి అక్కడ వాటిని శుభ్రంగా కడిగి వెళ్ళమంటారు.

మేము వేపచెట్టుకి తగిలించినది చీకటి పడ్డాక చూస్తే లేదు. కింద కూడా వెతికాం, పడలేదు.