ఎడమచేతి పియానో రచనలు – పాల్ విట్గెన్‌స్టయిన్ పాత్ర

వియన్నాకు చెందిన పియానో విద్వాంసుడు పాల్ విట్గెన్‌స్టయిన్ (1887–1961) స్థానాన్ని నిర్ణయించడానికి ఆయన వాద్య నైపుణ్యం ఒక్కటే చాలదు. ఆయన రాయించిన రచనలను, వాటిపై నెరపిన హక్కును కూడా పరిశీలించవలసి ఉంటుంది.

తత్త్వవేత్త లుడ్విగ్ విట్గెన్‌స్టయిన్‌కు అన్న అయిన పాల్ 1913లో తొలి కచేరీ చేశారు. మరుసటి ఏడాది ప్రపంచయుద్ధంలో గాయపడి కుడిచేతిని కోల్పోయారు. సైబీరియాలో యుద్ధఖైదీగా ఉంటూనే ఎడమచేతి సాధన ప్రారంభించారు. 1916లో తన గురువు, అంధ స్వరకర్త యోసెఫ్ లాబోర్ తనకోసం రాసిన రచనతో తిరిగి వేదికనెక్కారు.

ఒంటిచేతి వాదనంలో బొటనవేలు ప్రధాన స్వరసరళిని పలికిస్తుంటే, మిగిలిన వేళ్లు మంద్రస్థాయి ఆధారస్వరాలను అందించాలి. పెడల్ ఆ స్వరాలను నిలిపి ఉంచడం వల్ల రెండు చేతులు వాయిస్తున్న భ్రాంతి కలుగుతుంది. ఇందుకు తగిన రచనలు అప్పటికి స్వల్పం. పాల్ తన కుటుంబ సంపదతో హిండెమిత్, కోర్న్‌గోల్డ్, రిచర్డ్ స్ట్రౌస్, రవేల్, ప్రొకోఫియెవ్‌ల చేత కొత్త రచనలు చేయించారు.

అయితే 1932లో వియన్నాలో తొలిసారి వినిపించిన రవేల్ కాన్సర్టోలో ఆయన చేసిన మార్పులు స్వరకర్తతో వివాదానికి దారితీశాయి. ప్రొకోఫియెవ్, హిండెమిత్‌ల రచనలను ఆయన ఎన్నడూ కచేరీలో వాయించలేదు. తాను రాయించినవాటిని తన జీవితకాలంలో ఇతరులు వాయించడానికీ సమ్మతించలేదు.

ప్రొకోఫియెవ్ కాన్సర్టోను 1956లో బెర్లిన్‌లో తొలిసారి వాయించిన సీగ్‌ఫ్రీడ్ రాప్ రెండవ ప్రపంచయుద్ధంలో కుడిచేతిని కోల్పోయినవారే. హిండెమిత్ రచనను 2004లో వినిపించిన లియోన్ ఫ్లైషర్ కూడా కుడిచేతి వేళ్ల రుగ్మతతో దశాబ్దాలు బాధపడినవారు. పాల్ తన సొంతమని భావించిన రచనలు, ఆ విధంగా, ఆయన వంటి ఇతర విద్వాంసుల ద్వారానే శ్రోతలకు చేరాయి.