350 మిల్లీమీటర్ల వానలో పండే విందు

గ్రీసు దేశపు సాంటోరినీ దీవి వైశాల్యం 76 చదరపు కిలోమీటర్లు. అక్కడ కాపురముండేవాళ్లు సుమారు 15,500 మంది. 2023లో ఆ దీవికి వచ్చిపోయినవాళ్ల సంఖ్య 34 లక్షలని అంచనా. అంటే ఇంటి మనిషి ఒక్కరికి 220 మంది అతిథులు. ఏడాది పొడుగునా పడే వాన 350 మిల్లీమీటర్లకు అటూ ఇటూ. కరవు సీమగా మనం చెప్పుకునే అనంతపురానికే సగటున 550 మిల్లీమీటర్లు పడుతుంది. సాంటోరినీలో నది లేదు. కుళాయిల్లో వచ్చే నీరు చాలావరకు సముద్రపు నీటిలోంచి ఉప్పు తీసి పంపేదే.

ఇలాంటి చోట ఒక పూటంతా తిప్పి, దేశవాళీ వంటలు తినిపించి, వైన్లు రుచి చూపించే యాత్రలకు ఇప్పుడు గిరాకీ ఎక్కువ. సాధారణంగా నాలుగైదు గంటలు సాగుతాయి. మూడు వైనరీలు, పన్నెండు దాకా వైన్లు, పక్కన చిన్న చిన్న పళ్లేల్లో పప్పు, టమాటా పకోడీలు, చీజ్. తెల్లటి గోడలు, నీలి గుమ్మటాలు, సూర్యాస్తమయం ఫొటోలు చూసి వెళ్లినవాళ్లకు ఈ భోజనం ఒక అదనపు వినోదంలా కనిపిస్తుంది. నిజానికి ఆ దీవిని అర్థం చేసుకోవడానికి ఇంతకన్నా దగ్గరి దారి లేదు. ఆ పళ్లెంలో ఉన్న ప్రతి రుచీ నీటి ఎద్దడిలోంచి పుట్టిందే.

ముందు నేల సంగతి. క్రీస్తు పూర్వం 1600 ప్రాంతంలో ఇక్కడి అగ్నిపర్వతం బద్దలైంది. మానవ చరిత్రలో అతి పెద్ద విస్ఫోటాల్లో అదొకటి. దీవి నడిభాగం సముద్రంలో కుంగిపోయింది. మిగిలిన అంచే నేటి సాంటోరినీ, సుమారు 300 మీటర్ల నిట్టనిలువు కొండచరియలతో నెలవంక ఆకారంలో. పేలుడులో ఎగిసిన బూడిద, తేలికపాటి నురగరాయి దీవి మీద మేట వేశాయి. ఆ మేట కింద కప్పబడిపోయిన అక్రోటిరి పట్టణాన్ని 1967 నుంచి స్పిరిడాన్ మరినాటోస్ అనే పురావస్తు శాస్త్రవేత్త తవ్వి బయటికి తీశారు. అక్కడి జాడీల్లో దొరికిన గింజల గురించి తర్వాత చెప్తాను.

ఈ బూడిద నేలను అక్కడివాళ్లు ఆస్పా అంటారు. సేంద్రియ పదార్థం దాదాపు లేదు, బంకమన్ను అంతకన్నా లేదు. వ్యవసాయం తెలిసినవారెవరికైనా ఇది పనికిరాని నేల. కానీ 1860ల తర్వాత ఐరోపా ద్రాక్షతోటలను మట్టుబెట్టిన ఫిల్లాక్సెరా అనే వేరుపురుగు బంకమన్ను లేని చోట బతకలేదు. ఖండమంతటా రైతులు అమెరికా జాతి వేళ్ల మీద తమ ద్రాక్షను అంటుకట్టుకోవాల్సి వస్తే, సాంటోరినీ తీగలు నేటికీ సొంత వేళ్ల మీదే ఉన్నాయి. వందేళ్లు దాటిన మొదళ్లు ఎన్నో. ఇంకా పాతవి ఉన్నాయని కూడా సాగుదార్లు చెప్తారు.

తోటలోకి అడుగుపెడితే అది ద్రాక్షతోట అని మొదట తోచదు. హైదరాబాద్ చుట్టుపక్కల ఒకప్పుడు అనాబ్-ఎ-షాహి ద్రాక్షను తలకు పైన పందిరి మీద పాకించేవారు; కింద నీడలో మనిషి నడిచేవాడు. సాంటోరినీలో పందిరి వేస్తే ఏజియన్ సముద్రపు గాలి ఒక్క వారంలో పీకి పారేస్తుంది. అందుకే తీగను నేలబారుగా, గుండ్రంగా, గంపలా అల్లుతారు. దాన్ని కులూరా అంటారు. మోకాలెత్తుకు మించదు. చలికాలంలో కత్తిరింపు వేళ రైతు వంగి, ఆ ఏటి కొమ్మల్లో గట్టివాటిని ఎంచి, పాత అల్లిక మీదుగా తిప్పి కట్టేస్తాడు. మరుసటి ఏడు దాని మీద ఇంకో వరస. వేసవిలో ఆకులు పైకి కమ్ముకుంటాయి, గుత్తులు గంప లోపల పెరుగుతాయి. గాలి కొట్టే ఇసుక తగలదు, ఎండ నేరుగా పడదు. రాత్రి సముద్రం మీంచి వచ్చే మంచు ఆ గంప లోపలి నేల మీదకి దిగితే నురగరాయి దాన్ని పీల్చుకుని పగలంతా కొద్దికొద్దిగా వేళ్లకు వదులుతుంది. వేసవిలో తీగకు అందే నీరు దాదాపు అంతే. ఇలా ఏళ్ల తరబడి చుట్టగా చుట్టగా వేరు నుంచి చిగురుకు రసం ప్రయాణించాల్సిన దూరం పెరిగిపోతుంది, కాపు తగ్గుతుంది. అప్పుడు గంప మొత్తాన్ని మొదలంటా నరికేస్తారు. పాత వేరు నుంచే కొత్త తీగ లేస్తుంది. ఒక గంప ఆయుష్షు సుమారు 75 నుంచి 100 ఏళ్లు. అల్లినవాడు దాని ముగింపు చూడడు.

ఈ కష్టానికి దక్కేది ఎంత? బాగా పండిన ఏడు హెక్టారుకు రెండు టన్నులు వస్తే గొప్ప. ఎకరాల్లో చెప్పాలంటే 800 కిలోలు. ఫ్రాన్స్‌లోని శాంపేన్ ప్రాంతంలో హెక్టారుకు పది టన్నుల దాకా కోసుకోవడం మామూలు. ఒక సీసా వైన్‌కు కిలోకు పైగా ద్రాక్ష కావాలి కాబట్టి, సాంటోరినీ ఎకరం నుంచి వచ్చేది 700 సీసాలు. యంత్రం దూరే వీల్లేదు. కత్తిరింపు నుంచి కోత దాకా నడుము వంచి చేతులతో చేయాల్సిందే. తెల్ల వైన్ సీసా 30 యూరోలు దాటిందని ఎవరైనా విసుక్కుంటే ఈ లెక్క చెప్పండి.

తోటల్లో నాలుగింట మూడు వంతుల దాకా ఉండేది అసీర్తికో అనే తెల్ల ద్రాక్ష. దానికి తోడుగా ఐదాని, అథీరి. అసీర్తికో గొప్పదనమంతా పులుపులో ఉంది. మండే ఎండలో పండిన ద్రాక్షకు తీపి పెరిగి పులుపు చచ్చిపోవడం సహజం. ఇది మాత్రం 14 శాతం ఆల్కహాల్ ఇవ్వగల తీపి తెచ్చుకుంటూనే పులుపు నిలబెట్టుకుంటుంది. అందుకే ఆ వైన్ నాలుక మీద నిమ్మకాయలా చురుక్కుమని, చివర ఉప్పగా తాకుతుంది. సాంటోరినీ పేరుకు చట్టబద్ధమైన రక్షణ 1971లోనే వచ్చింది.

యాత్రలో పోసే పన్నెండింటిలో మూడింటిని శ్రద్ధగా గమనించాలి. మొదటిది పీపాల్లో పెట్టని పచ్చి అసీర్తికో. దీవి రుచి కల్తీ లేకుండా అందులోనే తెలుస్తుంది. రెండోది నిక్తేరి. పగటి ఎండకు భయపడి రాత్రివేళ కోసి, తెల్లవారేలోపు పిండేవారు గనుక ఆ పేరు. పీపాల్లో కొన్ని నెలలు ఉంచుతారు, కాస్త బరువుగా ఉంటుంది. మూడోది విన్‌సాంతో, తీపి వైన్. ఆగస్టులో కోసిన గుత్తులను రెండు వారాల వరకు ఎండలో పరిచి, వడలాక పిండుతారు. నీరు చాలావరకు పోతుంది కాబట్టి ఒక సీసాకు మామూలు వైన్ కన్నా ఎన్నో రెట్ల ద్రాక్ష పడుతుంది. ఆ తర్వాత పీపాల్లో కనీసం రెండేళ్లు. లీటరుకు 200 గ్రాములకు పైగా చక్కెర ఉన్నా వెగటు పుట్టదు, కారణం మళ్లీ ఆ పులుపే. 1917 విప్లవం దాకా రష్యా చర్చిల్లో ప్రార్థనకు వాడే వైన్‌గా ఇది ఓడల కొద్దీ ఒడెస్సా రేవుకు వెళ్లేది. నా మటుకు నాకు సాంటోరినీలో సూర్యాస్తమయం కన్నా చూడదగ్గది విన్‌సాంతో గ్లాసులోని ఆ ముదురు తేనె రంగు.

ఇక్కడే ఒక జాగ్రత్త లెక్క కూడా చేసుకోవాలి. రుచికి పోసేది గ్లాసుకు 40 మిల్లీలీటర్లు అనుకుందాం. పన్నెండు గ్లాసులకు 480 మిల్లీలీటర్లు, అంటే సీసాలో మూడింట రెండు వంతులు. 14 శాతం చొప్పున అందులో 53 గ్రాముల ఆల్కహాల్ ఉంటుంది. గ్రీసులో బండి నడిపేవారికి రక్తంలో ఉండదగ్గ పరిమితి లీటరుకు అర గ్రాము. మన దేశంలో ఇంకా కఠినం, 0.3 గ్రాములు. రుచి చూసి బల్ల మీది పాత్రలో ఉమ్మేయడం అక్కడ అమర్యాద కాదు, ఆ పాత్ర పెట్టేదే అందుకు. అద్దె బండి తీసుకుని వైనరీలు తిరుగుదామనే ఆలోచన మాత్రం మానుకోండి. కొండ అంచు రోడ్లు అవి.

తాగని తెలుగువాళ్లకు ఈ యాత్రలో ఏముందంటారా? పప్పు ఉంది. సాంటోరినీ ఫావా అంటే పేరును బట్టి చిక్కుడు జాతి అనుకుంటారు గాని, అది లాథిరస్ క్లైమెనమ్ అనే మొక్క గింజ. అక్రోటిరి జాడీల్లో దొరికింది ఇదే. మూడున్నర వేల ఏళ్ల కిందటా అదే దీవి మీద అదే పప్పు. చలికాలంలో విత్తుతారు, మంచు తేమకే పెరుగుతుంది. ఎండెక్కితే కాయలు చిట్లి గింజలు రాలిపోతాయి కాబట్టి వేసవి మొదట్లో తెల్లవారకముందే కోసేస్తారు. వండడం మనకు కొత్త కాదు. పొట్టు తీసిన పసుపుపచ్చని పప్పును కడిగి, తరిగిన ఉల్లిపాయతో సన్నని సెగ మీద పెడతారు. తేలిన నురగ తీసేస్తూ, గంట సేపు కలపకుండా ఉడికిస్తే మెత్తగా ముద్దవుతుంది. మెదిపి, ఆలివ్ నూనె ధారగా పోసి, పైన పచ్చి ఉల్లి ముక్కలు, ఊరవేసిన కేపర్ మొగ్గలు చల్లుతారు. తాలింపు ఒక్కటే తక్కువ. 2010 నుంచి ఐరోపా సమాఖ్యలో ఈ పేరుకు రక్షణ ఉంది. గ్రీసులో మిగతా చోట్ల ఫావా పేరుతో వడ్డించేది చాలాసార్లు బఠాణీ పప్పే.

ఈ మొక్కకు మన దగ్గర దగ్గరి చుట్టం ఉంది: కేసరి పప్పు. నెలల తరబడి అదే ముఖ్యాహారంగా తిన్నవారికి కాళ్లు పడిపోయే జబ్బు వస్తుందని మన దేశంలో 1961లో దాని అమ్మకాన్ని నిషేధించారు. ఆ జబ్బు తెచ్చే పదార్థం ఫావా జాతిలోనూ ఉంటుంది. కరవు రోజుల్లో పూటపూటా అదే తిన్నప్పుడు వచ్చే ముప్పు అది. యాత్రలో ఒక గిన్నెడు తిన్నందుకు బెంగ పడనక్కర్లేదు.

టమాటా సాంటోరినీకి 19వ శతాబ్దపు చుట్టం. ఇక్కడి తోమతాకి కాయ బరువు 15 నుంచి 27 గ్రాములు మాత్రమే. నీరు పెట్టరు, అందుకే కాయ చిన్నది, తోలు మందం, రుచి చిక్కన. దీన్ని తరిగి ఉల్లి, పుదీనా, పిండి కలిపి నూనెలో వేయించేదే టమాటా పకోడీ. కాయ రసంతోనే పిండి కలవాలి, నీళ్లు పోస్తే రుచి పాడవుతుంది. దీవిలో ఒకప్పుడు టమాటా గుజ్జు కర్మాగారాలు వరసగా నడిచాయి. 1956 జూలై 9న వచ్చిన భూకంపం 50 మందికి పైగా ప్రాణాలు తీసి, ఊళ్లకు ఊళ్లను ఖాళీ చేయించింది. ఆ దెబ్బ నుంచి ఆ పరిశ్రమ కోలుకోలేదు. వ్లిహాదా తీరంలో 1945లో మొదలైన కర్మాగారం ఇప్పుడు మ్యూజియం. వీలైతే యాత్రలో దాన్ని కలుపుకోండి.

మిగతావి క్లుప్తంగా: గింజ తక్కువగా ఉండే తెల్ల వంకాయ, మేకపాల తాజా చీజ్, మస్తికా బంక వాసనతో ఈస్టర్‌కు చేసే మెలితీనియా మిఠాయిలు. శాకాహారులు అపోఖ్తి జోలికి పోవద్దు, అది దాల్చినచెక్క పట్టించి ఆరబెట్టిన పంది మాంసం. పకోడీల్లో గుడ్డు కలిపారేమో అడిగి తెలుసుకోవాలి.

ఇక అసలు బాధ. తోటలు ఇప్పుడు సుమారు 1200 హెక్టార్లు, అంటే మూడు వేల ఎకరాలు, దీవిలో ఆరో వంతు. గత శతాబ్దం మొదట్లో ఇంతకు రెట్టింపు కన్నా ఎక్కువ ఉండేవి. ఎకరానికి 700 సీసాలిచ్చే గంపలు నరికి గదులు కడితే ఒక్క వేసవిలో వచ్చే డబ్బును ద్రాక్ష ఏ లెక్కనా అందుకోలేదు. పైగా 2023, 2024లో ఎండ, గాలి, వానలేమి కలిసి పంటను ఘోరంగా దెబ్బతీశాయి. 2025 ఫిబ్రవరిలో వరస ప్రకంపనలకు భయపడి 11,000 మందికి పైగా దీవి విడిచి వెళ్లారు. ఓడల్లో వచ్చి సాయంత్రానికి వెళ్లిపోయేవారిని రోజుకు 8,000కు పరిమితం చేస్తూ 2025 నుంచి నిబంధన వచ్చింది. అదే ఏడు వేసవి రద్దీలో తలకు 20 యూరోల రుసుమూ పెట్టారు. ఇవి రేవు దగ్గరి రద్దీని తగ్గిస్తాయేమోగాని తోటను కాపాడవు. తోటను కాపాడేది పండిన గింజకు, కాయకు రైతుకు ముట్టే ధర మాత్రమే.

కాబట్టి యాత్ర ఎంచుకునేటప్పుడు ఎన్ని గ్లాసులు పోస్తారని అడగకండి. తోటలోకి తీసుకెళ్తారా, వడ్డించే ఫావా దీవిలో పండిందేనా అని అడగండి. 1947లో ఏర్పడిన సాంటో సహకార సంఘంలో వెయ్యికి పైగా రైతు సభ్యులున్నారు. వైన్‌తో పాటు పప్పు, టమాటా గుజ్జు కూడా అమ్ముతారు. మన కస్టమ్స్ వాళ్లు సుంకం లేకుండా తెచ్చుకోనిచ్చే మద్యం మనిషికి రెండు లీటర్లు. 750 మిల్లీలీటర్ల అసీర్తికో సీసాలు రెండు, అర లీటరు విన్‌సాంతో ఒకటి సరిగ్గా సరిపోతాయి. ఒక అర కిలో ఫావా కూడా కొనండి. అక్కడి నేలకు మూడున్నర వేల ఏళ్ల నాటి చుట్టం అది.