పైడిపాలెం సంపాదకుడు

పైడిపాలెం పేరెత్తితే మావైపు ఎవరికైనా ముందు రిజర్వాయరు గుర్తొస్తుంది. తెలుగు పాఠాలు చెప్పుకొని బతికిన నాకు మాత్రం రాచమల్లు రామచంద్రారెడ్డి గారు గుర్తొస్తారు. పులివెందుల తాలూకాలోని ఆ ఊళ్లో 1922లో పుట్టారాయన. సాహిత్యలోకానికి రారా. కథలు రాశారు, మాస్కోలో ఉండి అనువాదాలు చేశారు, విమర్శకుడిగా పేరు మోశారు. పత్రిక నడిపిన సంగతి మాత్రం అందరూ ఒక వాక్యంలో చెప్పి దాటేస్తుంటారు. నాకేమో ఆ పనే ఆయన సాహిత్య జీవితానికి ఆయువుపట్టు అనిపిస్తుంది.

సాహిత్య పత్రికకు సంపాదకుడు ఏం చేస్తాడని మా ప్రొద్దుటూరు అంగళ్లలో అడిగితే "తప్పులు దిద్దుతాడు" అంటారు. అచ్చుతప్పులు దిద్దడానికి ప్రూఫ్‌రీడరు ఉంటాడు. వయసులో ఉన్నప్పుడు ఆ పని నేనూ చేశాను, బడి వదిలాక, ఊళ్లోని ఒక చిన్న ప్రెస్సులో. సీసపు అక్షరాల కాలం అది. గుణింతాలు, వత్తులు అన్నీ కలిపి తెలుగుకు బోలెడు గళ్లున్న కేసులు కావాలి. కంపోజిటరు ఒక్కో అక్షరం ఏరి స్టిక్కులో పేర్చి, గేలీలోకి ఎక్కించి, సిరా పూసి ప్రూఫు తీసిచ్చేవాడు. ఒక ఫారం అచ్చయ్యాక ఆ టైపంతా విప్పి మళ్లీ గళ్లలో వేస్తేగానీ తర్వాతి ఫారానికి అక్షరాలు చాలేవి కావు. చివరి నిమిషంలో రచయిత ఒక పేరా మార్చమన్నాడంటే ఆ కంపోజిటరుకు రాత్రి నిద్ర ఉండేది కాదు.

అంత కష్టపడి వేసే పేజీలో ఏది ఉండాలో, ఏది ఉండకూడదో తేల్చేవాడు సంపాదకుడు. వచ్చిన కథల్లో ఎక్కువభాగం తిప్పిపంపాలి, రాసింది స్నేహితుడైనా సరే. మంచి కథకు ముగింపు చెడితే రచయితకు ఉత్తరం రాసి మళ్లీ రాయించాలి. రాయగలిగి కూడా రాయనివాళ్ల వెంటపడాలి. చందాలు వసూలు చేయాలి, కాగితం అప్పు తీర్చాలి. అప్పట్లో ఉన్న 1867 నాటి చట్టం ప్రకారం మేజిస్ట్రేటు ముందు డిక్లరేషను దాఖలు కావాలి, సంచిక మీద సంపాదకుడి పేరు అచ్చు కావాలి. అందులోని మాటలకు ఆ పేరు గలవాడే జవాబుదారీ.

రారా ఈ దారిలోకి ఇంజనీరింగు చదువు పోగొట్టుకుని వచ్చారు. మద్రాసు గిండీ కాలేజీలో చేరి, స్వాతంత్ర్యోద్యమ రోజుల్లో విద్యార్థుల సమ్మెలో నిలబడి, మధ్యలోనే బయటికి రావలసివచ్చింది. తర్వాత మద్రాసులోనే ఆనందవాణి పత్రికలో ఉపసంపాదకుడయ్యారు. కొంతకాలానికి సొంత జిల్లాకు తిరిగొచ్చి, సవ్యసాచి పత్రికలో పనిచేసి, 1968లో కడప నుంచి సంవేదన అనే త్రైమాసిక పత్రికను మొదలుపెట్టారు.

ఆ పత్రిక ఎంతోకాలం నడవలేదు. వచ్చిన సంచికల్ని వేళ్లమీద లెక్కపెట్టొచ్చు. అయినా తెలుగు విమర్శ గురించి మాట్లాడేవాళ్లు ఇవాళ్టికీ దాని పేరు తలుస్తారు. ఎందుకంటే, మన పత్రికల్లో పుస్తక సమీక్ష చాలావరకు మర్యాద కోసం రాసేదిగా ఉండేది. నాలుగు మంచిమాటలు, ఒక చిన్న సూచన, ముద్రణ బాగుందని కితాబు. రారా పుస్తకాన్ని చేతిలోకి తీసుకుంటే రచయిత చెప్పదలచుకున్నదేమిటి, చెప్పగలిగిందెంత, అది చదివినవాడి మనసులో కలిగిన మార్పేమిటి అని పేజీలకు పేజీలు తరచి చూసేవారు. అప్పటికి దిగంబర కవులు ఆగ్రహంతో తెలుగు కవిత్వాన్ని కుదిపేస్తున్నారు. సమాజం కుళ్లిందన్న మాటలో కమ్యూనిస్టు అయిన రారాకు వాళ్లతో పేచీ లేదు. అయినా వాళ్లను గట్టిగా నిలదీశారు. మహీధర రామమోహనరావు గారి 'కొల్లాయి గట్టితేనేమి?' నవలను మాత్రం మనసారా మెచ్చుకున్నారు. దయాదాక్షిణ్యాలు లేని విమర్శకుడని ఆయనకు పేరు పడింది. ఆ మాట సగమే నిజం. మంచి రచన కనబడితే ఆయనంత సంబరపడినవాళ్లు తక్కువ.

సాహిత్యం వాదనతో ఒప్పించి ఊరుకోదు, అనుభూతి ద్వారా మనిషి సంస్కారాన్ని పెంచుతుంది అన్నది ఆయన పట్టు. మార్క్సిస్టు అయివుండి అనుభూతికి అంత పెద్దపీట వేయడానికి ధైర్యం కావాలి. ఆ వ్యాసాలు తర్వాత 'సారస్వత వివేచన' పుస్తకంలో చేరాయి. విమర్శ అంటే భయపడే విద్యార్థికి నేను ముందుగా ఇచ్చే పుస్తకం అదే. పాండిత్య ప్రదర్శన ఒక్క చోటా ఉండదు. వాక్యం పొడుగైనా దారి తప్పదు.

ఈ నిలదీసే గుణం మా నేలకు కొత్తేమీ కాదని నా నమ్మకం. దుర్భాక రాజశేఖర శతావధాని, గడియారం వేంకట శేషశాస్త్రి జంటగా అవధానాలు చేసిన ఊరు ప్రొద్దుటూరు. పుట్టపర్తి నారాయణాచార్యులు శివతాండవం రాసింది ఇక్కడి అగస్త్యేశ్వరస్వామి ఆలయంలో. అవధాన సభలో పృచ్ఛకుడు కవిని అందరి ముందూ పరీక్షిస్తాడు, కవి దాన్ని అవమానంగా తీసుకోడు. పద్యాల నుంచి రారా ఎంత దూరం నడిచినా, నలుగురిలో అడిగి తేల్చుకునే ఆ అలవాటును మాత్రం వదల్లేదు. పులివెందుల వైపు నుంచే వచ్చిన గజ్జెల మల్లారెడ్డి గారు అదే పదునును పద్యంలోకి, పత్రికా శీర్షికల్లోకి తెచ్చారు. ఈనాడులో ఆయన 'పుణ్యభూమీ కళ్లు తెరు' కోసం ఎదురుచూసిన పాఠకులు ఇప్పటికీ ఉన్నారు.

సంవేదన ఆగిపోయాక రారా మాస్కో ప్రగతి ప్రచురణాలయంలో కొన్నేళ్లు అనువాదకుడిగా ఉన్నారు. ఆ అనుభవంతో 'అనువాద సమస్యలు' రాశారు. పత్రికాఫీసుల్లో పనిచేసే పిల్లలు ఇవాళ కూడా బల్లమీద పెట్టుకోదగ్గ పుస్తకమది. 1988 నవంబరులో ఆయన కన్నుమూశారు. ఆ ఏడాది కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కారం ఈ పుస్తకానికే వచ్చింది.

చిన్న పత్రికలు ఆగిపోవడానికి కారణం చాలాసార్లు రచనల కొరత కాదు. చందా కట్టినవాడు రెండో ఏడు మరిచిపోతాడు, అమ్మకానికి తీసుకున్నవాళ్లు లెక్క తేల్చరు, కాగితం ధర పెరుగుతుంది. సంపాదకుడు సొంత డబ్బు పెట్టి, ఆ డబ్బూ అయిపోయాక ఆపేస్తాడు. ఆపేశాక పాత సంచికలు అటకెక్కుతాయి, ఆ ఇల్లు మారేటప్పుడు తూకానికి పోతాయి. ఇలా పోయిన పత్రికలు మా జిల్లాలోనే ఎన్నో.

ప్రొద్దుటూరు, జమ్మలమడుగు, పులివెందుల వైపు పాత ఇళ్లున్న పాఠకులకు నాదొక విన్నపం. మీ పెద్దల పెట్టెల్లో సంవేదన, సవ్యసాచి సంచికలు, లేదా మరే చిన్న పత్రికలైనా కనబడితే పాత కాగితాల వాడికి వేయకండి. కడపలో జానమద్ది హనుమచ్ఛాస్త్రి గారి పట్టుదలతో నిలబడిన సి.పి. బ్రౌన్ గ్రంథాలయం ఉంది. అట్ట చిరిగినా, మధ్యలో పేజీలు పోయినా సరే, అక్కడికి చేర్చండి.