కాలం అందరికీ ఒకటేనా?

భాగవతంలో కకుద్మి మహారాజు తన కూతురు రేవతికి తగిన వరుడెవరో అడగడానికి బ్రహ్మలోకం వెళ్లి, గంధర్వగానం ముగిసేదాకా కాసేపు ఆగుతాడు. ఈలోగా భూమ్మీద 27 చతుర్యుగాలు గడిచిపోతాయి. కథ కల్పనే, కానీ కాలం అన్నిచోట్లా ఒకే వేగంతో నడవదన్నది నిజం. బొబ్బిలిలో దిగి, వీణలు చేసే గొల్లపల్లికి ఫోన్‌లో దారి వెతకండి. ఆ దారి చూపే జీపీఎస్ ఉపగ్రహాల్లోని గడియారాలు నేలమీది వాటికంటే రోజుకు సుమారు 38 మైక్రోసెకన్లు ముందుకెళతాయి. ఉపగ్రహ వేగం వాటిని కాస్త వెనక్కి లాగినా, అంత ఎత్తున భూమ్యాకర్షణ తగ్గడం వల్ల ముందుకెళ్లేదే ఎక్కువ. సరిదిద్దకపోతే ఒక్కరోజుకే దూరాల లెక్క కిలోమీటర్ల మేర తప్పుతుంది.

అయితే కాలవేగం ఇలా మారుతుందని చెప్పే సాపేక్షత మన పురాణాల్లో ముందే ఉందనొచ్చా? ఆ ఊహ ఎంతో గొప్పదే, అయినా అనలేం. తేడా ఎంతో లెక్కగట్టే సూత్రం 1915లో ఐన్‌స్టీన్ ఇచ్చాడు. ఇక ‘ఆదిత్య 369’ సినిమాలోలా కాలంలో వెనక్కి వెళ్లి రాయలవారిని చూడగలమనడానికి ఇప్పటిదాకా ఏ గడియారమూ సాక్ష్యమివ్వలేదు.