చీటీపై పేరు.. కంపెనీల పోరు

ఓపీ ముగిసే వేళ. చివరి రోగి బయటకు రాకముందే సంచులు చేతపట్టిన మెడికల్ రెప్‌లు వైద్యుడి గది ముందు బారులు తీరుతారు. మండల కేంద్రాల్లోనూ ఇది నిత్య దృశ్యమే. ఒక్కొక్కరికి దక్కేది రెండు మూడు నిమిషాలు. ఆ కాస్త సమయానికే ఇంత పోటీ ఎందుకు?

కారణం చీటీలోనే ఉంది. ‘షెడ్యూల్-హెచ్’ ఔషధాలకు సంబంధించి వైద్యుడు ఏ బ్రాండు రాస్తే దుకాణదారు అదే ఇవ్వాలి. రక్తపోటుకు వాడే అటెనొలాల్ ఈ కోవలోనిదే. అదే మందు మరో కంపెనీది చవకగా ఉన్నా మార్చి ఇచ్చే అధికారం అతనికి లేదు. కొన్ని బ్రాండ్లయితే క్లినిక్‌ను ఆనుకొని ఉన్న దుకాణంలో తప్ప ఊరంతా తిరిగినా దొరకవు. వ్యాపారులు వీటిని ‘ప్రాపగాండా మందులు’ అంటారు.

ఈ ప్రచారానికి అయ్యే ఖర్చు ఎంతో చెన్నైకి చెందిన అపెక్స్ లేబొరేటరీస్ కేసు బయటపెట్టింది. ‘జింకోవిట్’ ప్రచారం కోసం వైద్యులకు ఆతిథ్యం, సదస్సుల రుసుము, బంగారు నాణేలు, టీవీలు, ఫ్రిజ్‌లు, ల్యాప్‌టాప్‌ల రూపంలో వెచ్చించిన సుమారు రూ.4.72 కోట్లకు ఆ సంస్థ ఆదాయపు పన్ను మినహాయింపు కోరింది. వైద్యులు కానుకలు పుచ్చుకోరాదని భారత వైద్య మండలి 2009 డిసెంబరులోనే నిషేధం విధించినందున మినహాయింపు చెల్లదని 2022 ఫిబ్రవరి 22న సుప్రీంకోర్టు తేల్చింది. ఆ ఖర్చు మందు ధరలో కలిసి చివరకు రోగిపైనే పడుతుందనీ ధర్మాసనం పేర్కొంది.

పెన్నుకు, క్యాలెండరుకు లొంగిపోతామా అని కొందరు వైద్యులు ప్రశ్నిస్తారు. లాభం లేనిదే వ్యాపారి వరదన పోడు కదా!

2024 మార్చిలో కేంద్రం తెచ్చిన నియమావళి కానుకలను, విదేశీ యాత్రలను నిషేధించింది. ఒక్కో మందుకు ఒక వైద్యుడికి ఏడాదికి 12 శాంపిల్ ప్యాకులే ఇవ్వాలి. అర్హత లేనివారికి అసలు ఇవ్వరాదు. పల్లెల్లో ‘ఆర్‌ఎంపీ’లుగా చలామణీ అయ్యేవారి బల్లలపై మాత్రం ‘అమ్మకానికి కాదు’ అని ముద్రించిన అట్టలు కనిపిస్తూనే ఉంటాయి. పైగా ఫిర్యాదుల విచారణను పరిశ్రమ సంఘాల కమిటీలకే అప్పగించారు.

వైద్యులు మందుల అసలు పేరు, అంటే జెనరిక్ పేరు, స్పష్టంగా, వీలైతే ఇంగ్లిషు పెద్ద అక్షరాల్లో రాయాలని 2016 సవరణ చెబుతోంది. 2023 ఆగస్టులో జాతీయ వైద్య కమిషన్ తెచ్చిన కఠిన నిబంధనలు అదే నెలలో నిలిచిపోవడంతో మిగిలింది ఈ పాత నియమమే. అసలు పేరు కూడా రాయమని రోగులు వైద్యుణ్ని అడగవచ్చు. అప్పుడు అదే చీటీతో జన ఔషధి కేంద్రానికి వెళ్లి మందు ఉందేమో చూసుకోవచ్చు.