గాజుపెట్టెలో ఎడారి

ఆస్ట్రేలియా ఖండపు నడిమి భాగమున వర్షము అరుదు. అచ్చటి ఎఱ్ఱని నేలలో, ఎండిన కొమ్మలమీదను కంచె గుంజలమీదను, ఒక విధమైన తొండ కానవచ్చును. మన తోటలలో తల యూచుచు తిరుగు తొండయు, ఇదియు ఒకే కుటుంబమునకు చెందినవి. బెదరినప్పుడు ఇది గొంతు క్రింది ముండ్ల చర్మమును ఉబ్బించి నల్లగా చేసికొనును. అందుచే ఆంగ్లేయులు దీనిని బియర్డెడ్ డ్రాగన్ అనిరి. మనము గడ్డపుతొండ యనవచ్చును. వన్యప్రాణులను వ్యాపారమునకై ఎగుమతి చేయుటను ఆ దేశము చాల కాలము క్రిందటనే నిషేధించినది. అయినను పెంపకముననే పుట్టిన గడ్డపుతొండలు నేడు ఐరోపా, అమెరికా దేశములలో అనేక గృహములయందు గాజుపెట్టెలలో జీవించుచున్నవి. వాటికి పురుగులను, ఆకులను సమకూర్చుట కష్టము కాదు. సూర్యుని సమకూర్చుటయే కష్టము.

మన శరీరము తన వేడిని తానే పుట్టించుకొనును. తొండ అట్లు చేయజాలదు. వెలుపలి వేడిని గ్రహింపవలసినదే. అంతమాత్రమున దానిని శీతరక్త జంతువనుట సరికాదు. 1944వ సంవత్సరమున రేమండ్ కౌల్స్, చార్లెస్ బోగర్ట్ అను అమెరికా శాస్త్రజ్ఞులు ఎడారి సరీసృపములను గూర్చిన తమ పరిశీలనలను ప్రకటించిరి. ఆ జంతువులు ఎండకును నీడకును నడుమ తిరుగుచు, తమ శరీరోష్ణమును ఇంచుమించు ఒకే మేరలో నిలుపుకొనుచున్నవని వారు చూపిరి.

కావున పెట్టె అంతటను ఒకే వేడి యుండరాదు. ఒక కొనయందు దీపము క్రింద నుంచిన రాయి సుమారు 40 డిగ్రీల సెంటీగ్రేడు వరకు వేడెక్కవలెను. రెండవ కొన సుమారు 25 డిగ్రీలు ఉండవలెను. ఎడారిలో తాపము హెచ్చినచో తొండ పొదక్రిందికి పోవును. చల్లని కొన లేని పెట్టెలో అది ఎచ్చటికి పోగలదు? రాత్రి దీపము లార్పవలెను. ఎడారి రాత్రులు చల్లనివే గదా!

ఇంతకంటె సూక్ష్మమైన విషయ మొకటి కలదు. ఎండలో వేడియు, వెలుతురునే గాక, కంటికి కానరాని అతినీలలోహిత కిరణములును ఉన్నవి. వాని సాయమున తొండ చర్మమునందు డి విటమిను తయారగును. అది లేనిచో తినిన ఆహారములోని కాల్షియము ఒంటబట్టదు. అప్పుడు శరీరము ఎముకలనుండియే దానిని తీసికొనును. దవడ మెత్తబడును, కాళ్లు వంగును. సామాన్యమైన బల్బు వేడి నిచ్చును గాని, ఈ కిరణముల నీయదు. కొందఱు పెట్టెను కిటికీ ప్రక్కన ఎండలో నుంచుదురు. ఇది మఱింత ప్రమాదము. గాజు ఆ కిరణములను అడ్డగించును. వేడిని మాత్రము లోపల బంధించును. తొండ ఒకవంక ఉడికిపోవుచు, వేఱొకవంక ఎండకు మొగము వాచియుండును!

అందుచే ఈ కిరణముల నిచ్చు ప్రత్యేక దీపమును పగటిపూట పండ్రెండు గంటలపాటు వెలిగింతురు. ఈ దీపము కొన్ని నెలలకు తన శక్తిని కోల్పోవును. వెలుతురు మునుపటివలెనే కనబడుటచే యజమాని మోసపోవును. కావున గడువు ప్రకారము దానిని మార్చవలెను.

రెండు కొనలను ఉష్ణమాపకము లుంచుట మంచిది. తొండ నడవడియు కొంత తెలుపును. ఉదయమున అది రాతిమీద శరీరమును చదును చేసికొని ఎండ కాచుకొనును. చాలినంత వేడెక్కిన పిమ్మట నోరు తెఱచి, మెల్లగా నీడకు పోవును. దినమంతయు దీపము క్రిందనే యున్నచో వేడి చాలలేదన్నమాట. చల్లని మూలను వదలనిచో వేడి మితిమీరినదన్నమాట.