పసుపు కుంకుమ పొలం ఎవరి పేరున?

సంప్రదాయానికీ ఆధునిక జీవితానికీ మధ్య మన ఆడవాళ్లు ఎలా నెగ్గుకొస్తున్నారనే చర్చ వచ్చినప్పుడల్లా వంటిల్లూ, ఆఫీసూ, కట్టూబొట్టూ దగ్గరే మాట ఆగిపోతుంది. గుంటూరు, ప్రకాశం మెట్ట చేలల్లో ఆ చర్చ అక్కరకు రాదు. ఇక్కడ ఆడవాళ్లు పనికి వెళ్లడం ఈనాటిది కాదు. ఒడి కట్టుకుని పత్తి తీసేది వాళ్లే. మిరప కోతల్లో చీర మీద మగవాళ్ల పొడుగు చేతుల చొక్కా తొడుక్కుని, తలకు తువ్వాలు చుట్టుకుని ఎండలో వంగేదీ వాళ్లే. కల్లంలో తాలుకాయ ఏరి, తొడిమలు తీసి ఇంటికొచ్చాక కూడా వేళ్లు మండుతూనే ఉంటాయి, ఆ చేతులతోనే పసిబిడ్డను ఎత్తుకోవాలి. సరుకు గుంటూరు మిర్చి యార్డుకు చేరాక కమీషన్ కొట్లో రాసుకునే పేరు మాత్రం చాలావరకు మగవాడిదే. పాసు పుస్తకమూ అంతే. పంట రుణం, నష్టపరిహారం ఎక్కువగా ఆ పుస్తకాన్ని బట్టే వస్తాయి. కాబట్టి ఇక్కడ తేలాల్సింది భూమి ఎవరి పేరున ఉందన్నదే.

భూమి ఆడవాళ్ల పేరున ఉండటానికి సంప్రదాయం అడ్డమని నేననుకోను. పెళ్లిలో ఆడపిల్లకు పసుపు కుంకుమల కింద ఎకరమో, అరెకరమో రాసివ్వడం ఈ ప్రాంతంలో పాత మర్యాదే. 1986లో ఎన్టీఆర్ ప్రభుత్వం హిందూ వారసత్వ చట్టాన్ని సవరించి, అప్పటికి పెళ్లికాని కూతుళ్లకు పిత్రార్జితంలో కొడుకులతో సమానంగా వాటా ఇచ్చింది. 2005లో దేశమంతటికీ అలాంటి సవరణే వచ్చి, పెళ్లయిన కూతుళ్లనూ కలుపుకుంది. కట్నం ఇచ్చాం గదా, మళ్లీ వాటా ఏమిటని అన్నదమ్ములు అడుగుతారు. కట్నం వెళ్లేది అత్తింటి చేతికి. పైగా కట్నం తీసుకోవడమే 1961 నుంచి నేరం, నేరాన్ని చూపించి హక్కును చెల్లు వేయలేం. వాటా అడిగితే పుట్టింటి రాకపోకలు తెగుతాయన్న భయం మాత్రం నిజమైనదే, ఎందరో అక్కచెల్లెళ్లు హక్కు వదులుకుంటూ సంతకం చేసేది ఆ భయంతోనే. అందుకే ఆ భారం కూతురి మీద వేయకుండా, తండ్రి బతికుండగానే పంచి రిజిస్ట్రేషన్ చేయించాలి.

మరి సెంటు భూమి కూడా లేని కూలి తల్లులకు ఈ చట్టాలతో ఏం ఒరిగింది? ఈ ప్రశ్నకు వారసత్వ చట్టంలో జవాబు లేదు. 1976లోనే సమాన వేతన చట్టం వచ్చినా, మందు కొట్టే పని మగవాళ్లదీ, ఏరే పని ఆడవాళ్లదీ అని విడదీస్తే కూలిలో తేడా చట్టానికి చిక్కదు. భార్యాభర్తలిద్దరూ కౌలుకు చేస్తున్న చోట, 2019 సాగుదారుల హక్కుల చట్టం కింద ఇచ్చే కార్డు మీద ఇద్దరి పేర్లూ ఉండాలి. అప్పుల పాలై భర్త ప్రాణం తీసుకున్న ఇళ్లలో ఆ పంట, ఆ అప్పు మోసేది ఆమే గదా.